వానపాము, మలుగుపాము, మోససారస్

(నల్లగొండలో సైన్స్ టీచర్లు, డిగ్రీ విద్యార్థుల ముందు ఒక రిటైర్డ్ జువాలజీ లెక్చరర్ చేసిన ప్రసంగం. రికార్డు విని రాసుకున్నది. చివర అడిగిన ప్రశ్నలు కొన్ని కూడా ఉన్నాయి.)

అందరికీ నమస్కారం. వెనక వరసకు వినిపిస్తోందా? మైకు కొంచెం గరగరమంటోంది. సరే, నడిపిద్దాం.

ముందు మీతో ఒక పని ఉంది. పేరు చివర 'పాము' అని వచ్చే ప్రాణుల్ని చెప్పండి. నాగుపాము... కట్లపాము... పసిరిక పాము, సరే... ఆ, ఇప్పుడు వానపాము అన్నది ఎవరమ్మా? నువ్వేనా? కూర్చో, నాకు కావలసిన మాట దొరికింది. ఇంకా? మలుగుపాము. బాగుంది. పిల్లల కడుపులో పడే ఏలికపాము. గోడవార ఎండకు మెరుస్తూ పరిగెత్తే నలికండ్ల పాము. మన వైపు దాన్ని రకరకాలుగా పలుకుతారు.

ఇప్పుడు లెక్క చూడండి. వానపాముకు వెన్నెముకే లేదు. ఏలికపాము ఒక గుండ్రటి పురుగు. మలుగుపాము చేప, దానికి మొప్పలుంటాయి. నలికండ్ల పాముకు నాలుగు కాళ్లున్నాయి, అది బల్లి జాతిది. అయినా మా అమ్మ దాన్ని చూస్తే చీపురు పట్టుకుని వచ్చేది. మనం చెప్పిన ఏడింటిలో నాలుగు పాములు కావు.

దీన్ని బట్టి మన భాషలో 'పాము' అనేది వంశం పేరు కాదు. ఆకారం పేరు. సన్నగా, పొడుగ్గా ఉండి మెలికలు తిరిగితే చాలు, అది పామే. ఇందులో తప్పేమీ లేదు, పొలంలో పనిచేసేవాడికి ఆ మాట సరిపోతుంది. సంస్కృతం కూడా అంతే చేసింది. 'సృప్' అంటే పాకడం. దాన్నుంచే సర్పం, దాన్నుంచే సరీసృపం. ఉరగం అంటే రొమ్ముతో పోయేది. ఇంగ్లీషువాళ్ల సర్పెంట్, రెప్టైల్ అనే మాటలు రెండూ లాటిన్‌లో పాకడం అనే అర్థమున్న మాటల నుంచే వచ్చాయి. ఎక్కడైనా మనిషి ముందు చూసింది నడకనే.

ఇబ్బంది ఎక్కడ వస్తుందంటే, కోట్ల ఏళ్ల కింద పోయిన జంతువుల దగ్గర. వాటి నడక మనం చూడలేదు, చూసింది ఎముకల్ని. ఆ ఎముకలకు పేరు పెట్టినవాళ్లకు కూడా 'పాములా ఉంది' అనే మాటే ముందు నోటికొచ్చింది. ఆ మాట ఎన్నిసార్లు దారి తప్పించిందో చెప్పడానికే ఇవాళ వచ్చాను.

ముందు నా తప్పు ఒకటి ఒప్పుకోవాలి. కొత్తగా ఉద్యోగంలో చేరిన రోజుల్లో ప్లీసియోసారస్ బొమ్మ గీసి, పక్కన 'నీటి డైనోసార్' అని రాసేవాణ్ణి. పెద్ద శరీరం, నాలుగు తెడ్లు, పొడుగు మెడ. ఆ మెడ మాత్రం నీళ్లలోంచి నాగుపాము పడగలా పైకి లేపి గీసేవాణ్ణి, చాక్‌పీసు బాగా తిరిగేది. పిల్లలు నోరు తెరుచుకుని చూసేవారు. అందులో రెండు తప్పులున్నాయి. అది డైనోసార్ కాదు, మెడ అలా లేవదు. ఎన్ని బ్యాచ్‌లు ఆ బొమ్మను రికార్డు పుస్తకాల్లోకి ఎక్కించుకుని పోయాయో! ఇక్కడ కూర్చున్నవాళ్లలో నా పాత విద్యార్థులున్నారు. మన్నించండి. (నవ్వులు)

డైనోసార్‌ను తెలుగులో రాక్షసబల్లి అన్నాం. మాట బాగుంది, పిల్లలకు భయం, ఇష్టం రెండూ పుట్టిస్తుంది. ఇంగ్లండులో రిచర్డ్ ఓవెన్ 1842లో పెట్టిన డైనోసారియా అనే పేరుకు దగ్గరి అనువాదమే. కానీ డైనోసార్ బల్లి కాదు. దాని కాళ్లు శరీరం కింద స్తంభాల్లా నిలబడతాయి, బల్లి కాళ్లలా పక్కలకు చాపి ఉండవు. నేను ఇవాళ చెప్పబోయే సముద్ర జంతువుల్లో మోససారస్ ఒకటుంది. అది మాత్రం నిజంగా బల్లులకూ పాములకూ చుట్టం. రాక్షసబల్లి అనే పేరు అసలు దానికి దక్కాల్సింది. ఆ పేరు డైనోసార్ ఎత్తుకుపోయింది, ఇప్పుడు వెనక్కి తేలేం.

సరే, తల గురించి, తోక గురించి ఒక కథ చెబుతాను.

రెండు తలల పాము మీకు తెలుసు. లక్షలు పలుకుతుందని చెప్పి దొంగతనంగా అమ్మబోయి పోలీసులకు దొరికినవాళ్ల వార్తలు పేపర్లో వస్తూనే ఉంటాయి. దానికి రెండు తలలు లేవు. తోక మొద్దుగా ఉంటుంది, తల కూడా అలాగే ఉంటుంది, చూసినవాడు ఏది ఏదో పోల్చుకోలేడు. అంతే. అమెరికాలో ఎడ్వర్డ్ కోప్ అనే పెద్ద శాస్త్రవేత్తకు ఇదే అనుభవం అయింది. కాన్సాస్‌లోని ఫోర్ట్ వాలెస్ అనే సైనిక స్థావరం దగ్గర థియోఫిలస్ టర్నర్ అనే సైనిక డాక్టరుకు 1867లో ఒక పెద్ద జంతువు ఎముకలు దొరికాయి. అవి ఫిలడెల్ఫియాలో ఉన్న కోప్‌కు చేరాయి. ఆయన వెన్నుపూసలన్నీ వరసగా పేర్చాడు. ఒకవైపు చాలా పొడుగు, ఇంకోవైపు పొట్టి. పొడుగుది తోక అనుకున్నాడు. బల్లికైనా మొసలికైనా పొడుగ్గా ఉండేది తోకే కదా! పొట్టి చివర తల పెట్టాడు. 1868లో పేరు పెట్టాడు, బొమ్మ వేయించాడు, అచ్చు కూడా అయింది.

1870లో ఆయన గురువులాంటి జోసెఫ్ లీడీ ఆ ఎముకలు చూసి, తల తప్పు చివర పెట్టారని చెప్పాడు. కోప్ అచ్చయిన కాపీలన్నీ వెనక్కి తెప్పించుకోవాలని చూశాడు. అన్నీ దొరకలేదు. ఆయనకు పడని మార్ష్ అనే ఇంకో శాస్త్రవేత్త, ఆ తప్పు ముందు పట్టింది నేనే అని తర్వాత చెప్పుకున్నాడు. పగ అంటే అది!

ఇక్కడ కథ అయిపోయిందనుకుంటాం. కానీ పేరు చూడండి. ఎలాస్మోసారస్ ప్లాటియూరస్. నేను బోర్డు మీద గీసిన ప్లీసియోసారస్‌కు చుట్టమే ఇది. ఎలాస్మో అంటే పల్చటి పలక, రొమ్ము దగ్గరి, నడుము దగ్గరి ఎముకల్ని బట్టి పెట్టాడు. ప్లాటియూరస్ అంటే బల్లపరుపు తోక గలది. ఏ తోక? ఆయన తోక అనుకున్న మెడ! తల మారింది, బొమ్మ మారింది, పేరు మారలేదు. శాస్త్రంలో ముందు పెట్టిన పేరే నిలవాలని రూలు. అందుకని ఆ జంతువు ఇప్పటికీ తన మెడను తోక అనిపించుకుంటోంది.

ఆ మెడ సంగతి కొంచెం సేపు మాట్లాడుకుందాం. ఆదివారం మటన్‌లో మెడకూర తిన్నవాళ్లు ఉన్నారా? ముక్కలు లెక్కపెట్టరు గానీ, గొర్రె మెడలో ఉండేవి 7 పూసలు. మనకూ 7. జిరాఫీకి కూడా 7, ఒక్కొక్కటి సాగింది అంతే. ఎలాస్మోసారస్ మెడలో 72. దాని చుట్టం ఆల్బర్టోనెక్టెస్ అని కెనడాలో దొరికింది, దానికి 76. ఒంటి పొడవు 10 మీటర్లనుకుంటే, అందులో 7 మీటర్ల దాకా మెడే. అందుకే పాతరోజుల్లో ప్లీసియోసారస్‌ను తాబేలు డిప్పలోంచి దూర్చిన పాము అనేవాళ్లు. ఆ మాట విన్నవాడు మళ్లీ మర్చిపోడు. వచ్చిన చిక్కల్లా అదే.

(సంచిలోంచి సైకిల్ చైను తీసి చూపిస్తూ) ఇది మా మనవడి పాత సైకిల్‌ది. గ్రీజు అంటుతుంది, దూరం నుంచే చూడండి. ఇలా పట్టుకుంటే కిందికి మడుస్తుంది. ఇప్పుడు పక్కకు తిప్పుతాను... చూశారా, కర్రలా నిలబడింది. లింకులు ఎన్ని ఉన్నాయన్నది ఒక్కటే ముఖ్యం కాదు, ఒక్కో కీలు ఎటు ఎంత తిరుగుతుందన్నది అసలు ముఖ్యం. ప్లీసియోసారస్ మెడపూసలు ఒకదానికొకటి చాలా దగ్గరగా ఉంటాయి, చివరలు దాదాపు చదునుగా ఉంటాయి. ఒక్కో కీలు కొంచెమే కదులుతుంది. 72 కలిపితే మెడ మొత్తం మెల్లగా విల్లులా వంగుతుంది గానీ, పాములా చుట్ట చుట్టుకోదు. నీళ్లలోంచి అంత బరువైన మెడ పైకెత్తితే ఏమవుతుంది? వెనక ఆనుకోవడానికి నేల లేదు కదా, మెడ లేవదు, ఒళ్లు ముందుకు మునుగుతుంది. నేను బోర్డు మీద గీసిన పడగ అలా మునిగిపోయింది.

మరి పాము వెన్ను అంతలా ఎలా తిరుగుతుంది? పూసలు 200 నుంచి 400 దాకా ఉంటాయి, అది ఒక కారణం. ఇంకొకటి, పాము వెన్నుపూసలకు మామూలు కీళ్లతో పాటు ఇంకో జత కీళ్లుంటాయి. ముందు వైపు ఒక నాలుక, వెనక వైపు దానికి సరిపడే గాడి. వడ్రంగి గుమ్మానికి చెక్కలు బిగించేటప్పుడు ఒకదానికి నాలుక చెక్కి ఇంకోదానికి గాడి తీస్తాడు చూడండి, అలా. దానివల్ల పాము పక్కలకు ఎంతైనా వంగుతుంది కానీ, వెన్ను మెలితిరిగి తెగదు. కొన్ని బల్లులకు కూడా ఇది ఉంది, కానీ పాముల్లో ఇది తప్పనిసరి. శిలాజాల పనిచేసేవాళ్లకు ఒక్క పూస దొరికినా పామని చెప్పగలగడానికి ఈ గాడి పెద్ద ఆధారం. ఆకారం కాదు, కీలు. ఈ మాట గుర్తు పెట్టుకోండి, చివర్లో మన జిల్లాల దగ్గరికి వచ్చినప్పుడు పనికొస్తుంది.

ఇప్పుడు మోససారస్. పేరు వినగానే నవ్వుతారు. మోసం చేసే సారస్ కాదు బాబూ. సారస కొంగ కూడా కాదు. గ్రీకులో సారస్ అంటే బల్లి. నెదర్లాండ్స్‌లో మాస్ట్రిక్ట్ అనే ఊరుంది, దాని పక్కన పారే మ్యూజ్ నదికి లాటిన్‌లో మోసా అని పేరు. మోసా నది బల్లి, అంతే. మూసీ ఒడ్డున దొరికితే మూసీసారస్ అయ్యేది. (నవ్వులు)

18వ శతాబ్దంలో ఆ ఊరి సున్నపురాయి గనుల్లో పెద్ద దవడలు దొరికాయి. పెట్రస్ క్యాంపర్ అనే ఆయన చూసి తిమింగలం అన్నాడు. ఇంకొందరు మొసలి అన్నారు. 1794లో ఫ్రెంచి సైన్యం ఆ ఊరు పట్టుకున్నప్పుడు పుర్రెను పారిస్‌కు తీసుకుపోయింది. ఇవాళ్టికీ అక్కడే ఉంది. 1799లో ఆ క్యాంపర్ కొడుకు ఆడ్రియాన్, మా నాన్న చెప్పింది కాదు, ఇది ఉడుముకు దగ్గర అన్నాడు. పారిస్‌లోని క్యువియే అనే పెద్ద శాస్త్రవేత్త అవునన్నాడు. 1822లో కోనీబేర్ అనే శాస్త్రవేత్త మోససారస్ అని పేరు పెట్టాడు. నాన్న తిమింగలం అంటే కొడుకు ఉడుము అనడం, ఆ కొడుకు మాటే నిలవడం నాకు చాలా ఇష్టమైన భాగం.

ఇక్కడ మళ్లీ మన కోప్ వస్తాడు. మోససారస్ జాతుల దవడ చూస్తే కింది దవడ మధ్యలో ఒక కీలు ఉంది, నోరు పక్కలకు కొంచెం విచ్చుకుంటుంది. అంగిట్లో ఇంకో వరస పళ్లున్నాయి, పట్టిన చేప వెనక్కి జారకుండా లోపలికి లాగడానికి. ఇవి రెండూ పాములను గుర్తుకు తెచ్చే లక్షణాలు. అందుకని 1869లో కోప్ వీటన్నిటికీ పైథనోమార్ఫా అని గుంపు పేరు పెట్టాడు. కొండచిలువ రూపాలు అని అర్థం. పాములు సముద్రంలో ఇలాంటి జంతువుల నుంచి వచ్చాయని ఆయన ఊహ.

రూపం అనే మాట వచ్చేసరికి బొమ్మలు వేసేవాళ్లకు పని దొరికింది. పొడుగ్గా, మెలికలు తిరుగుతూ, సముద్రపు మహాసర్పంలా గీయడం మొదలుపెట్టారు. 1898లో విలిస్టన్ అనే పండితుడు ఒక శిలాజంలో మెడ మీద వరసగా ఏవో ఉంగరాల్లాంటివి చూసి, వీపు మీద జూలులాంటి అంచు ఉందనుకున్నాడు. నిజానికి అవి ఊపిరి గొట్టం ఉంగరాలు. 1902లో ఆయనే తప్పు ఒప్పుకున్నాడు. అప్పటికే చార్లెస్ నైట్ అనే గొప్ప చిత్రకారుడు జూలుతో బొమ్మ వేసేశాడు. ఆ తర్వాత ఎన్నో దశాబ్దాలు పుస్తకాల్లో మోససారస్‌లు జూలు పెట్టుకునే తిరిగాయి. తప్పు దిద్దుకున్న పేజీ ఎవరు చదువుతారు? బొమ్మ అందరూ చూస్తారు.

2013లో జోర్డాన్ నుంచి ప్రోగ్నాథోడాన్ అనే మోససారస్ జాతి శిలాజం గురించి ప్రచురించారు. ఎముకతో పాటు తోక చుట్టూ ఉన్న మెత్తటి భాగం అచ్చు కూడా రాయి మీద పడింది. తోక చివర సొరచేపకు ఉన్నట్టు రెక్క ఉంది. ఇంగ్లీషులో పొడుగు చేపల ఈతకు ఒక మాటుంది, దాన్ని తెలుగులో 'మలుగు ఈత' అంటే చక్కగా సరిపోతుంది. ఒళ్లంతా అలలా తిప్పుతూ పోయే ఈత. మోససారస్‌లలో పెద్దవి అలా ఈదలేదు. ఒళ్లు బిగువుగా పెట్టి తోక కొట్టాయి. కాబట్టి ఒళ్లు కొండచిలువ కాదు. దవడ మాత్రం, అవును, పామును పోలిందే. ఒకే జంతువులో ఒక ముక్క పామును పోలుతుంది, ఇంకో ముక్క సొరచేపను పోలుతుంది. 'పాములాంటి' అని రాసేటప్పుడు ఏ ముక్క సంగతి అన్నది కూడా రాయాలి. లేకపోతే ఆ 'లాంటి' చదివేవాడి తలలో ఊడిపోయి, పాము ఒక్కటే మిగులుతుంది.

మలుగు ఈత ఈదినవి ఉన్నాయి. డాలికోసారస్ అని ఇంగ్లండు సుద్దరాయిలో దొరికిన సన్నటి బల్లి ఒకటి. 1850లో ఓవెన్ పేరు పెట్టాడు. డాలికోస్ అంటే పొడుగు. మహబూబ్‌నగర్ నుంచి వచ్చినవాళ్లకు ఈ మాట వేరే దారిలో తెలియాలి. మీ ఉలవల పాత శాస్త్రీయ నామం డాలికోస్ బైఫ్లోరస్. అదే గ్రీకు మాట. తర్వాత ఉలవల పేరు మార్చేశారు, బల్లిది మారలేదు. జర్మనీలో దొరికిన ప్లూరోసారస్ ఇంకొకటి, జురాసిక్ కాలంది, కాళ్లు చిన్నగా, ఒళ్లు తాడులా ఉంటుంది. అది అసలు బల్లి కూడా కాదు, న్యూజిలాండ్‌లో ఇప్పుడు బతికున్న, చూపుకు బల్లిలా ఉండే టువటారా అనే సరీసృపానికి చుట్టం. చూపుకు పాము, పేరుకు బల్లి, వంశానికి రెండూ కాదు.

ఇక అసలు పాముల దగ్గరికి వద్దాం. నిజమైన పాములే, సముద్రంలో బతికాయి, పైగా కాళ్లున్నాయి.

జెరూసలేంకు ఉత్తరాన ఐన్ యబ్రుద్ అనే చోట రాతి గనులున్నాయి. అక్కడ దొరికిన ఒక శిలాజానికి హాస్ అనే ఆయన 1979లో పాకిరాకిస్ ప్రాబ్లమాటికస్ అని పేరు పెట్టాడు. ప్రాబ్లమాటికస్ అంటే చిక్కు తెచ్చిపెట్టేది. బల్లో పామో తేల్చలేక నిజాయితీగా పెట్టిన పేరు. నాకైతే శాస్త్రంలో ఇంతకంటే మంచి పేరు కనబడలేదు. వయసు 9 కోట్ల 50 లక్షల ఏళ్ల పైమాటే. మీటరు పొడవు. 1997లో కాల్డ్‌వెల్, లీ అనే ఇద్దరు దాన్ని మళ్లీ పరీక్షించి, ఇది పామే, వెనక చిన్న కాళ్లున్నాయి అన్నారు. తర్వాత అక్కడే హాసియోఫిస్, లెబనాన్‌లో యూపోడోఫిస్ దొరికాయి. వీటన్నిటికీ వెనక కాళ్లు మాత్రమే. ముందు కాళ్లు లేవు. ఓఫిస్ అంటే గ్రీకులో పాము. పేరు చివర సారస్ వస్తే బల్లి అని పెట్టారు, ఓఫిస్ వస్తే పాము అని పెట్టారు. పెట్టినవాడి నమ్మకం అది, జంతువు ఇచ్చిన హామీ కాదు.

కాళ్ల పాము అనగానే నమ్మబుద్ధి కాదు. కానీ మన అమ్రాబాద్ అడవిలో ఉండే కొండచిలువను దగ్గర్నుంచి చూసిన ఫారెస్టువాళ్లను అడగండి. మలద్వారం పక్కన రెండు చిన్న గోళ్లలాంటివి ఉంటాయి. అవి పోయిన కాళ్ల గుర్తులు. మగదానికి పెద్దవి.

పాకిరాకిస్ అంటే మందపు వెన్ను. దాని నడుం దగ్గర వెన్నుపూసలు, పక్కటెముకలు ఉబ్బి, దళసరిగా, బరువుగా ఉంటాయి. ఈ మాట నల్లగొండలో చెప్పేటప్పుడు నాకు గొంతు కొంచెం ఆగుతుంది. ఎముక గట్టిపడి, మందమై, వెన్ను బిగుసుకుపోవడం అంటే ఏమిటో ఈ జిల్లాకు పుస్తకం చెప్పక్కర్లేదు. మా చిన్నాయన మర్రిగూడ వైపు ఊళ్లో బావినీళ్లు తాగి పెరిగినవాడు. యాభై ఏళ్లకే నడుం వంగి, తల తిప్పాలంటే ఒళ్లంతా తిప్పేవాడు. ఎక్స్‌రేలో ఆయన వెన్ను సున్నం కొట్టినట్టు తెల్లగా కనబడింది. అది ఫ్లోరిన్ తెచ్చిన జబ్బు. పాకిరాకిస్‌ది జబ్బు కాదు. లోతు తక్కువ సముద్రంలో మునిగి ఉండాలంటే ఊపిరితిత్తుల్లోని గాలి పైకి తేలుస్తుంది. ఆ తేలే గుణాన్ని బరువైన ఎముక తగ్గిస్తుంది. బావిలో ఈత నేర్చుకునే పిల్లలు అడుగు తాకాలని రాయి పట్టుకుని దూకుతారు కదా, అది తన రాయిని ఒంట్లోనే పెట్టుకుంది. చూడ్డానికి ఒకేలాంటి మందపు ఎముక, ఒకచోట బతుకు నిలిపింది, ఇంకోచోట బతుకు విరిచింది. విద్యార్థులకు చెప్పేటప్పుడు ఈ తేడా తప్పకుండా చెప్పండి సార్, లేకపోతే పరీక్షలో ఆ పాముకు ఫ్లోరోసిస్ వచ్చిందని రాస్తారు. నిజంగానే ఒకడు రాశాడు.

పాములు సముద్రంలోనే పుట్టాయన్న కోప్ పాత ఊహ ఈ కాళ్ల పాములతో మళ్లీ లేచింది. తర్వాత 2006లో అర్జెంటీనా నుంచి నజాష్ అనే పాము వచ్చింది. అది నేల మీది పాము, కాళ్లున్నాయి, నడుం ఎముక కూడా ఉంది. దాంతో మొగ్గు మళ్లీ నేల వైపుకే తిరిగింది. వాదం ఇంకా నడుస్తోంది.

ఆ తర్వాతి కాలంలో పేలియోఫిస్ అనే సముద్రపు పాములు వచ్చాయి. పేలియో అంటే పాత, పాత పాము. ఇది డైనోసార్లు పోయాక, సుమారు 5 కోట్ల ఏళ్ల నాటి మాట. లండన్ దగ్గరి షెప్పీ దీవి మట్టిలో దొరికిన పూసలు చూసి 1841లో ఓవెన్ పేరు పెట్టాడు. ఆ కుటుంబం పాములు మన గుజరాత్‌లోని కచ్‌లో కూడా దొరికాయి. పూసలు పక్కల నుంచి నొక్కినట్టుంటాయి, నీళ్లలో ఒళ్లు రిబ్బనులా పలచగా ఉండేదని దాన్ని బట్టి చెబుతారు.

కచ్ అనగానే మీకు గుర్తొచ్చేది వాసుకి. 2024లో పేపర్లన్నీ రాశాయి. పానంధ్రో లిగ్నైట్ గనిలో దొరికిన 27 పూసలు, 4 కోట్ల 70 లక్షల ఏళ్లు, పొడవు 11 నుంచి 15 మీటర్ల దాకా ఉండొచ్చని ఐఐటీ రూర్కీ వాళ్ల లెక్క. వాసుకి ఇండికస్ అని పేరు. వాసుకి పేరు వినగానే మన బుర్రలో పాలసముద్రం, మందర పర్వతం, కవ్వం తాడు అన్నీ తిరుగుతాయి. ఒక స్కూలు సైన్స్ ఫెయిర్‌లో దాన్ని సముద్రపు పాము అని చార్టు మీద రాశారు, నేనే చూశాను. అది సముద్రపు పాము కాదు. చిత్తడి నేలల్లో మెల్లగా కదిలే కొండచిలువలాంటి బతుకు దానిది. పేరు పురాణం నుంచి వచ్చింది, చార్టు ఆ పేరు నుంచి వచ్చింది. ఆ చార్టు పిల్లవాడికి ఫస్ట్ ప్రైజు కూడా వచ్చింది, నేను నోరు మూసుకున్నాను.

ఇలాంటి పేర్లలో పెద్దన్న బేసిలోసారస్. బల్లుల రాజు అని అర్థం. 1834లో అమెరికాలో హార్లన్ పెట్టాడు. ఐదేళ్లకే ఓవెన్ పళ్ల వేర్లు చూసి, ఇది పాలిచ్చే జంతువు, తిమింగలాల తరహాది అన్నాడు. పేరు మారలేదు, రూలు రూలే. 1845లో ఆల్బర్ట్ కోచ్ అనే వ్యాపారి ఈ జాతి ఎముకలు చాలా జంతువులవి కలిపి, 114 అడుగుల పామును కట్టి, సముద్ర మహాసర్పమని న్యూయార్క్‌లో టిక్కెట్టు పెట్టి చూపించాడు. జనం విరగబడ్డారు. రెండు తలల పాము బేరం కంటే పెద్ద బేరం.

నా మాట ఇంతే. టైము అయిపోయిందని సైగ చేస్తున్నారు. ప్రశ్నలుంటే అడగండి.

(ఒక టీచర్: సార్, పిల్లలకు తెలుగులో ఏ మాట వాడమంటారు? మోససారస్‌ను సముద్ర సర్పం అని కొన్ని చోట్ల రాస్తున్నారు.)

సర్పం వద్దమ్మా. సముద్రపు ఉడుము అనండి. ఉడుము అని పూర్తిగా తేలలేదు, పాములకు ఎంత దగ్గర, ఉడుములకు ఎంత దగ్గర అని గొడవ ఉంది. కానీ పిల్లవాడికి ఆకారం సరిగ్గా వస్తుంది, నాలుగు అవయవాలు గుర్తొస్తాయి. ప్లీసియోసారస్‌ను పొడుగుమెడ తెడ్డుజంతువు అనండి, నోరు తిరగకపోతే ప్లీసియోసారస్ అనే ఉంచండి, పిల్లలు క్రికెటర్ల పేర్లు ఇంతకంటే కష్టమైనవి పలుకుతారు. సముద్రపు పాము అన్న మాట మాత్రం నిజం పాములకే ఉంచండి. బంగాళాఖాతంలో ఇవాళ్టికీ ఉన్నాయి, నాగుపాము కుటుంబానివి, తోక తెడ్డులా ఉంటుంది.

(ఒక విద్యార్థి: సార్, మా హుజూర్‌నగర్ వైపు అంతా సున్నపురాయే. అక్కడ ఇలాంటివి దొరుకుతాయా?)

మంచి ప్రశ్న. సిమెంటు ఫ్యాక్టరీలు నడుస్తున్నది ఆ రాయి మీదే. అది నీళ్ల అడుగున ఏర్పడిన రాయే, నిజం. కానీ చాలా పాతది. అది పేరుకున్న కాలానికి వెన్నెముక అనేదే ఈ లోకంలో లేదు. తాండూరు బండ కూడా అంతే. ఆ బండల మీద చెట్టుకొమ్మల్లా, నాచులా నల్లటి గీతలు కనబడితే శిలాజమని ఫోన్లో ఫొటో పంపుతుంటారు. చాలావరకు అది మాంగనీసు మరక. ఇక మన నల్లగొండ గుట్టల గ్రానైటు సంగతి చెప్పక్కర్లేదు, 250 కోట్ల ఏళ్ల నాటిది, కరిగి గడ్డకట్టిన రాయి, అందులో ఏ ప్రాణీ దొరకదు. మన దేశంలో జురాసిక్ సముద్రపు సరీసృపం చూడాలంటే కచ్ పోవాలి, అక్కడ లోడాయి దగ్గర 5 మీటర్ల పైచిలుకు ఇక్తియోసార్, అంటే చేప ఆకారంలో ఉండే సముద్రపు సరీసృపం, దొరికిందని 2017లో ప్రచురించారు.

(అదే విద్యార్థి: అయితే మన దగ్గర ఏమీ లేవా సార్?)

ఉన్నాయి, కూర్చో చెబుతాను. వికారాబాద్ దగ్గర నస్కల్ అని ఊరుంది. అక్కడ నల్లరాయి లావా పొరల మధ్య ఒక పల్చటి మట్టి పొర ఉంటుంది. లావా ఒకసారి పారి చల్లారాక, ఇంకోసారి పారేలోపు ఏర్పడ్డ మడుగుల మట్టి అది. డైనోసార్ల చివరి రోజులది. మన దేశంలో ఆ కాలపు పాలిచ్చే జంతువు మొదట దొరికింది కూడా అక్కడే. ఆ మట్టి నుంచే రాజ్, ప్రసాద్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు 1992లో ఒక పామును ప్రకటించారు. ఇండోఫిస్ సాహ్నీ. నైజీరోఫిడే అనే కుటుంబానిది, ఆఫ్రికాలోని నైజర్ దేశం పేరు మీద వచ్చిన కుటుంబం. అందులోవి నీళ్లలో తిరిగే పాములని చెబుతారు.

మొత్తం అస్థిపంజరం కాదు, పుర్రె కాదు, వెన్నుపూసలు. మిల్లీమీటర్లలో కొలిచేవి, బొటనవేలి గోరు మీద పెట్టుకోవచ్చు. అది పామని ఎలా తెలిసిందో ఇప్పుడు నువ్వే చెప్పగలవు. అవును, నాలుక, గాడి. అంత చిన్న పూస మీద కూడా ఆ కీలు ఉంది.

అవి తవ్వితే దొరకవు. మట్టిని గోనెసంచుల్లో తెచ్చి, రోజుల తరబడి నీళ్లలో నానబెట్టి, సన్న జల్లెడలో కడిగి, మిగిలిన నలుసును ఆరబెట్టి, మైక్రోస్కోపు కింద ఒక్కో గింజా సూదితో తిప్పి చూడాలి. బియ్యంలో రాళ్లేరినట్టు. నువ్వు చేస్తావా? ఇంట్లో ఏరతావా బియ్యం? లేదంటున్నాడు. (నవ్వులు) వాళ్లమ్మ ఏరుతుందట. అయితే ఈ పనికి ముందు ఆమెను తీసుకురా.